పదిహేడో కొస

బాపన్న మాస్టారిని ఏదైనా అడిగితే జవాబు చెప్పరు, పని చెబుతారు. ఆయన దగ్గరే చదువుకుని, ఆ కోయగూడెం బళ్ళో ఆయన కిందే లెక్కల మాస్టరుగా చేరినవాణ్ణి. ఆ అలవాటు తెలిసి కూడా ఒకసారి అడిగాను.

"అయిదో తరగతి మడకం దేవమ్మ పరీక్ష కాగితం తెల్లగా ఇచ్చిందండీ. సరిసంఖ్యేదో, బేసిసంఖ్యేదో తెలియదు. ఇలాంటి పిల్లలకి లెక్కలు ఎక్కణ్ణించి మొదలుపెట్టాలండీ?"

తప్పిన పిల్లల జాబితాలో ఆ పేరు అప్పటికే రాసేశాను. ఈసారి తప్పితే బడి మానిపిస్తానని వాళ్ళ నాన్న ఖరాఖండిగా చెప్పి ఉన్నాడు. తెలిసే రాశాను, ఏం చెప్పుకోను!

మాస్టారు జాబితా మీద సంతకం పెట్టలేదు. "ముందు నాకో బుట్ట అల్లి పట్రా" అన్నారు.

బుట్టేగా అనుకున్నాను. బడి వెనక ఎనిమిది వెదురు బద్దల్ని బండిచక్రం ఆకుల్లా పరిచాను. పదహారు కొసలొచ్చాయి. సన్నబద్ద తీసుకుని ఒక కొస పైనుంచి, పక్క కొస కిందనుంచి పోనిచ్చాను. రెండో చుట్టు కూడా అచ్చం మొదటిదానిలాగే పడింది. పట్టు లేక అంతా జారిపోయింది. మూడుసార్లు విప్పి అల్లినా అదే గతి.

దేవమ్మ చూసి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది.

"అట్టా నిలవదు సారూ. అన్నీ జతలైపోతే ఎట్టా? ఒకటి మిగలాల."

కత్తి తీసుకుని ఒక కొసను నిలువునా చీల్చింది. పదిహేడయ్యాయి. ఇప్పుడు రెండో చుట్టు మొదటిదానికి ఎదురు పడి, బద్దలు బిగుసుకున్నాయి.

"ఎప్పుడూ పదిహేడేనా?"

"పదమూడైనా సరే, ఇరవై ఒకటైనా సరే. పద్నాలుగు మాత్రం పనికిరాదు. మా అమ్మ చెప్పింది."

మూడు వారాలు బల్ల గుద్ది నేను చెప్పిన పాఠం అదే. ఆ పిల్లకి తెలియంది బేసి అన్న మాట ఒక్కటే. అక్కడికక్కడే జాబితాలో ఆ పేరు కొట్టేశాను. ఆ తల్లీకూతుళ్ళు నన్నో పాపం నుంచి తప్పించారు. ఇన్నేళ్ళయినా తలుచుకుంటే చేతులు జోడించాలనిపిస్తుంది.

బుట్ట తెచ్చి మాస్టారి ముందు పెట్టాను. ఆయన అంచు పట్టుకుని రెండుసార్లు గట్టిగా లాగి చూశారు.

"మరి రేపు పాఠం ఎక్కణ్ణించి మొదలుపెట్టనండీ?" అన్నాను.

"నన్నడుగుతావేమయ్యా? ఎన్ని బద్దలు తెచ్చుకోవాలో ఆ అమ్మాయినడుగు."