విడిచినమ్మ తెల్లవేలు

నల్లమల అంచున, గడియలకొండ మీద వెలసిన శ్రీ విడిచినమ్మ తల్లి ఆలయానికి మూడు వందల పన్నెండు మెట్లు. మెట్ల మొదట్లో చేతి గడియారాలు విప్పి దేవస్థానం వారి చెక్కపెట్టెలో ఉంచి రావడం ఆచారం. ఇప్పుడు సెల్‌ఫోన్లు కూడా ఆ పెట్టెలోకే చేరుతున్నాయి. దర్శనానికి ఎంతసేపు పడుతుందని అడిగేవారికి మేము జవాబు చెప్పము. ఈ కొండ మీద అడగకూడని మాట అదొక్కటే.

గర్భగుడిలో అమ్మవారిది నల్లరాతి విగ్రహం. కూర్చొని, ఒడిలో బిడ్డతో, కుడిచేతిని పక్కనున్న రాతి తొట్టి వైపు చాచి ఉంటుంది. ఆ చేతి చూపుడువేలు మాత్రం తెల్లన. విరిగితే సిమెంటుతో అతికించారా అని భక్తులు అడుగుతూనే ఉంటారు. నలభై ఏళ్ళుగా అర్చకత్వం చేస్తూ ఈ ప్రశ్న విని విని విసుగెత్తి ఈ చిన్న పుస్తకం రాయడానికి పూనుకొన్నాను. ఎవరూ అతికించలేదు. అది ఎందుకు తెల్లబడిందో దయచేసి చదువుకోగలరు.

పూర్వం ఇక్కడ కాలవిద్య నేర్పే మఠం ఒకటి ఉండేది. ఔబళాచార్యులు అనే మహానుభావుడు దానికి గురువు. అడుగున సన్నని రంధ్రం ఉన్న రాగి గిన్నెను నీటి మీద వదిలితే, అది నిండి మునగడానికి పట్టే సేపు ఒక గడియ. లోకమంతా ఆ గిన్నెతో కాలాన్ని కొలిచేది. ఈ మఠంవారు ఆపేవారు. మంత్రం చెప్పి గిన్నె అడుగున రంధ్రానికి వేలు అడ్డం పెడితే ఆ గడియ ఇక కదలదు. ప్రతి శిష్యునికీ ఒక చిన్న గిన్నె ఉండేది. దానితో ఏదో ఒక్కదాని కాలాన్ని మాత్రమే ఆపవచ్చు. కోసిన పువ్వు వాడకుండా, పిండిన పాలు విరగకుండా నిలిపేవారు.

ముంగిట తొట్టిలో తేలే పెద్ద గిన్నె సంగతి వేరు. కొండ కింది ఐదు ఊళ్ళ పొద్దు దాని మీదే నడిచేది. దాన్ని ఎవరూ ఆపకూడదు. మునిగిన వెంటనే తీసి మళ్ళీ తేల్చడానికి శిష్యులు వంతులవారీగా కాపలా కూర్చునేవారు. ఇంకో కట్టుబాటు కూడా ఉండేది. ఏ గిన్నెనైనా ఆపిన వేలే విడవాలి. ఇంకొకరు బలవంతాన లాగితే ఆ గడియలో చిక్కిన ప్రాణాలన్నీ పోతాయి.

శిష్యులలో చెన్నసాని అనే ఆమె ఉండేది. భర్త లేడు. ఏడేళ్ళ కూతురు పేరిందేవే ఆమెకు సర్వస్వం. పేరి ఒక్క పిలుపుకు పలికే పిల్ల కాదు. తల్లి నాలుగుసార్లు పిలిచినా రాళ్ళ చాటున నవ్వుకుంటూ కూర్చునేది. ఐదోసారి గొంతు పెంచితే అప్పుడు "వస్తాండామ్మా" అనేది.

ఆ పిల్లకు విషజ్వరం తగిలింది. చెన్నసాని కాపలా వంతు నాడు బిడ్డను తొట్టి పక్కనే అరుగు మీద పడుకోబెట్టుకొంది. పడమట రెండు బారల పొద్దు ఉండగా వైద్యుడు వచ్చి నాడి చూసి, "ఈ గడియ దాటదు తల్లీ" అని తల వంచుకొన్నాడు. పెద్ద గిన్నె అంచు నీటికి వెంట్రుకవాసిలో ఉంది. ఆమె చిన్న గిన్నె లోపలి గదిలో ఉంది. వెళ్ళి తెచ్చే వ్యవధి లేదు. ఒక్క గడియకు ఊళ్ళకేం నష్టమని మనసుకు సర్దిచెప్పుకొని, మంత్రం చెప్పి పెద్ద గిన్నె కింద వేలు పెట్టింది.

పొద్దు ఉన్నచోటే నిలిచిపోయింది. ఊళ్ళలో ఎసరు మరగలేదు, తోడు పెట్టిన పాలు పెరుగు కాలేదు. అప్పటికే మొదలైన పని ఏదీ ముగియలేదు. అలా ఎన్నాళ్ళు గడిచాయో చెప్పడానికి కొలత లేదు. జనం పడుకొని లేచిన లెక్కన మూడు నిద్రలు. ఔబళాచార్యులు కాళ్ళావేళ్ళా పడినా చెన్నసాని వినలేదు. చూపు తిప్పితే వేలు జారుతుందన్న భయంతో ఆమె తొట్టిలోకే చూస్తూ కూర్చుంది. బిడ్డ ముఖం వైపు ఒక్కసారి కూడా చూడలేదు.

అప్పుడు కింది ఊరి నుంచి సుంకమ్మ అనే గొర్రెలకాపరి ముసలమ్మ కొండెక్కి వచ్చింది.

"మ్మా, నా కూతురు నొప్పులు పడతాంది. బిడ్డ తల తగుల్తాందంట, బయటికి మాత్రం రాదు. మూడు నిద్దర్లాయ. పొద్దు నిల్సిపోయినా నొప్పి నిల్సలేదు తల్లీ."

"నేను విడిస్తే నా బిడ్డ పోతుందవ్వా" అంది చెన్నసాని.

సుంకమ్మ అరుగు దగ్గరికి వెళ్ళి పేరి నుదుటి మీద చెయ్యి వేసి చూసింది.

"ఒళ్ళు కాలిపోతాంది గదమ్మా. మూడు నిద్దర్ల నుంచి ఈ పిల్ల గూడ ఇట్లే కాలిపోతాందా?"

చెన్నసాని అప్పుడు తల తిప్పి చూసింది. బిడ్డ పెదవులు పగిలి ఉన్నాయి. కళ్ళు సగం తెరిచి ఉన్నాయి. తాను ఆపి ఉంచినది బిడ్డ ప్రాణాన్ని ఒక్కదాన్నే కాదని, బాధను కూడా అని ఆ తల్లికి అర్థమైంది.

"పిల్లను నా ఒళ్ళో పెట్టవ్వా" అంది.

సుంకమ్మ పెట్టింది. చెన్నసాని "పేరీ" అని నాలుగుసార్లు పిలిచింది. పిల్ల పలకలేదు. ఐదోసారి పిలిచి, వేలు తీసేసింది. గిన్నె మునిగింది. పేరి ఒక్క నిట్టూర్పు విడిచి చల్లబడింది. అదే క్షణాన కింది ఊళ్ళో సుంకమ్మ కూతురికి ఆడబిడ్డ పుట్టింది. ఆ ఏడుపు కొండ మీదికి వినిపించేంత దగ్గరలో ఊరు లేదు. అయినా చెన్నసాని విన్నదని పెద్దలు చెబుతారు.

ఔబళాచార్యులు ఆమె ఎదుట నేల మీద కూలబడి, "ఆపడం నేర్పాను తల్లీ. విడవడం నేర్పాలని నాకు తోచలేదు" అని ఏడ్చాడు. ఆ రోజే మఠం మూసివేసి, చిన్న గిన్నెలన్నిటినీ లోయలో పారవేయించాడు. ఆ విద్య అంతటితో పోయింది. ఇప్పటికీ తెలిసినవారున్నారా, పరీక్ష కాస్త వెనక్కి జరిపిస్తారా అని చాటుగా అడిగే భక్తులు దీన్ని గమనించ ప్రార్థన.

చెన్నసాని మాత్రం అక్కడి నుంచి లేవలేదు. రోజూ ఆ వేళకు బిడ్డను పిలుస్తూ పిలుస్తూ బిడ్డతో సహా శిల అయిపోయింది. మూడు నిద్రలపాటు నీటిలో నానిన వేలు తెల్లగానే ఉండిపోయింది. కొన్నేళ్ళకు సుంకమ్మకు కలలో కనబడి, "పూజలు నాకెందుకవ్వా? పిలుస్తాండా, పలికేవాళ్ళు లేరు" అందట. సుంకమ్మ మరునాడే మనవరాలిని వెంటబెట్టుకొని కొండెక్కింది. ఆ పిల్లకు పెట్టిన పేరు కూడా పేరిందేవే.

అయినవారిని పోగొట్టుకొన్నవారు నేటికీ ఇక్కడికి వచ్చి, తొట్టిలో తేలే గిన్నె కింద వేలు పెట్టి, తమకు చేతనైనప్పుడు తీస్తారు. తొందరపెట్టడం అర్చకులకు నిషిద్ధం. మా తండ్రిగారి కాలంలో ఒక తల్లి ఉదయం నుంచి సాయంత్రం వరకు అలాగే కూర్చుంటే వరుసలో ఉన్నవారెవరూ కిక్కురుమనలేదట. గిన్నె మునిగాక, ఎక్కడో పుట్టిన ముక్కూమొహం తెలియని బిడ్డను దీవించి, బాలింతల కోసం కాస్త శొంఠి, బెల్లం సమర్పించి దిగుతారు. అలా చేసినవారికి నిద్ర పడుతుందని ప్రతీతి. అమ్మవారు ఇంతకు మించి ఏ వరమూ ఇవ్వదు.

ఐదు ఊళ్ళలో ఇంటికొక పేరి ఉంటుంది. వంతు ప్రకారం రోజుకొక పిల్ల కొండెక్కి విగ్రహం వెనక దాక్కుంటుంది. రెండు బారల పొద్దు ఉండగా, అమ్మవారి తరఫున అర్చకుడు పిలవాలి. నాలుగు పిలుపులదాకా, నవ్వు వచ్చినా సరే, పిల్ల పలకకూడదు. నలభై ఏళ్ళుగా రోజూ పిలుస్తున్నాను. నాలుగో పిలుపు తర్వాత, ఈ రోజు పలకదేమోనని ఇప్పటికీ విగ్రహం వెనక్కి ఒక అడుగు వేయబోయి ఆగుతాను. ఐదోసారి గొంతు పెంచి "పేరీ" అంటాను.

"వస్తాండామ్మా" అంటుంది పిల్ల. అప్పుడు దీపం పెడతాము.