కోయిల సింహాసనం

తుమ్మికోట రాజు మల్లభూపాలుడికి ఒక వేసవి పొద్దున కాకుల మీద కోపం వచ్చింది.

నిజానికి తప్పు కాకులది కాదు. రాజుగారు మామిడితోటలో కూర్చుని ఆస్థాన గాయకుడు లింగంభట్టు పాట వింటున్నారు. భట్టు కళ్ళు మూసుకుని, చెయ్యి గాల్లోకి లేపి, రాగాన్ని పైపైకి తీసుకుపోయి, చివర ఒక్క క్షణం ఆగాడు. సరిగ్గా అప్పుడే కొమ్మమీంచి ఒక కాకి "కావ్" మంది. అది ఆ రాగానికి ఎంత బాగా అతికిందంటే, రాణిగారు పమిట అడ్డం పెట్టుకుని నవ్వేశారు.

భట్టు మొహం మాడిపోయింది. తనను తానే 'తుమ్మికోట కోయిల' అని చెప్పుకునే మనిషాయె!

"ప్రభూ! కోయిలలుండాల్సిన తోటలో ఈ దొంగపిట్టలేమిటి? గూళ్ళు పీకించండి. కాకుల పీడ విరగడైతే తోటనిండా కోయిలలే!" అన్నాడు.

రాజుగారికి కోయిల పాటంటే ప్రాణం. "రేపు పొద్దున్నే గూళ్ళన్నీ కొట్టించండి" అనేశారు.

వెనక నిలబడి తమలపాకులు చుడుతున్న బుచ్చన్న చెయ్యి టక్కున ఆగింది. బుచ్చన్న పని రాజుగారికి వేళకి తాంబూలం అందించడం. ఆకులతోపాటు చురకలు కూడా అందిస్తాడని కోటలో పేరు. రోజూ తను తినేముందు ఒక ముద్ద తీసి గోడమీద పెడతాడు, ఒక కుంటికాకి వచ్చి తినిపోతుంది. దాని గూడు ఈ తోటలోనే ఉంది. గూట్లో ఇంకా ఎగరడం రాని పిల్ల కూడా ఉంది.

"ప్రభూ, కాకుల్ని తరిమేస్తే వాటి పని ఎవరు చేస్తారు?" అన్నాడు బుచ్చన్న.

భట్టు పకపకా నవ్వాడు. "ఏం పనోయ్, అరవడమా? కాకి చేసే పని ఏదైనా సరే, దానికన్నా పదింతలు బాగా చేస్తాను. ఇదిగో, అందరి ముందూ మాటిస్తున్నా!"

"విన్నారుగా ప్రభూ" అని బుచ్చన్న ఆకుకి సున్నం రాశాడు. 

ఆ మధ్యాహ్నం అతనికి ముద్ద దిగలేదు. తోటకి వెళ్ళి కుంటికాకి గూటికేసి తలెత్తి చూశాడు. చాలాసేపు చూశాడు. చూడగా చూడగా మొహంలోకి నవ్వొచ్చింది. అక్కణ్ణించి నేరుగా మేదర వీధికి పోయి బుట్టలల్లేవాళ్ళని వెంటబెట్టుకొచ్చాడు.

తెల్లారింది. భటులు పొడుగాటి వాసాలతో వచ్చారు. వేడుక చూద్దామని రాజుగారూ పరివారమూ వచ్చారు. చూస్తే ఏముంది? కుంటికాకి గూడు పక్కనే, లావుపాటి కొమ్మ మీద, వెదురుబద్దలతో పుల్లలతో అల్లిన పేద్ద గూడు! ఒక మనిషి కాళ్ళు ముడుచుకుని హాయిగా కూర్చోవచ్చు. కింద నిచ్చెన కూడా వేసి ఉంది.

"ఏమిట్రా అది?" అన్నారు రాజుగారు.

"కోయిల సింహాసనం ప్రభూ. కాకులు పోయాక ఈ తోటకి భట్టుగారేగా దిక్కు!"

పొగిడితేనే పొంగిపోయే మనిషికి నిచ్చెన కూడా వేస్తే ఇక ఆగుతాడా? పంచె ఎగ్గట్టి, శాలువా సర్దుకుని, చకచకా ఎక్కేసి గూట్లో చతికిలబడ్డాడు భట్టు. కింద ఉన్నవాళ్ళందరికేసీ ఠీవిగా చెయ్యి ఊపాడు.

భటులు వాసాలెత్తారు.

"కొట్టేముందు ఒక్కసారి ఆ పక్క గూటికేసి చూడండి ప్రభూ" అని బుచ్చన్న బతిమాలాడు.

అంతలో కుంటికాకి ముక్కున గొంగళిపురుగుతో వచ్చి వాలింది. గూట్లోంచి ఒక పిల్ల నోరు బార్లా తెరిచింది. కాకి పురుగుని ఆ నోట్లో కుక్కి మళ్ళీ వేటకి పోయింది.

"కాకిపిల్ల కాకికి ముద్దు అన్నారు" అని రాజుగారు నవ్వబోయి, కళ్ళు చిట్లించారు. "అదేమిట్రా, ఆ పిల్ల ఒళ్ళంతా తెల్లచుక్కలున్నాయి?"

"ఆడకోయిలకి ఉంటాయి కదండీ, అవే. కోయిలపిల్ల కూడా కాకికి ముద్దే ప్రభూ."

భటులు ఎత్తిన వాసాలు దించారు. బుచ్చన్న అందుకున్నాడు.

"కోయిలకి గూడు కట్టడం రాదు. కాకి చూడకుండా దాని గూట్లో గుడ్డు పెట్టి పాడుకుంటూ పోతుంది. పొదిగేది కాకి, పెంచేది కాకి. దానికి తనా పరా లేదు, గూట్లో ఎవరు నోరు తెరిచినా పెడుతుంది. మీరు చెవులప్పగించి వినే పాటంతా ఈ కాకులు మేపిన పాటే!"

రాజుగారు ఆ చుక్కలపిల్లకేసే చూస్తుండిపోయారు.

"అయినా దిగులేం లేదు లెండి" అంటూ బుచ్చన్న ఆకుదొప్ప ఒకటి నిచ్చెన మీదుగా పైకందించాడు. దొప్పలో గొంగళిపురుగులు మెలికలు తిరుగుతున్నాయి. "కాకి పని పదింతలు బాగా చేస్తానని భట్టుగారు మాటిచ్చారుగా. అయ్యా, పిల్లకి ఆకలేస్తోంది, కానివ్వండి!"

భట్టుకి ఒళ్ళు మండిపోయింది. "ప్రభూ! ఇది నాకు..." అంటూ నోరు బార్లా తెరిచాడు.

సరిగ్గా అప్పుడే కుంటికాకి రెండో పురుగుతో తిరిగొచ్చింది. ఎదురుగా గూడు, గూట్లో తెరిచిన నోరు. ఇంకేం ఆలోచిస్తుంది? తెచ్చిన పురుగుని భట్టు నోట్లో కుక్కి తుర్రుమంది.

"ఒరేయ్ బుచ్చన్నా, ఇదేం చోద్యంరా!" అన్నారు రాజుగారు.

బుచ్చన్న వినయంగా చేతులు కట్టుకున్నాడు.

"భట్టుగారు కోయిలేనా అని మనకి అనుమానం ఉండొచ్చు ప్రభూ. కాకికి మాత్రం లేదు!"

రాణిగారికి ఈసారి పమిట అడ్డం పెట్టుకునే ఓపిక కూడా లేకపోయింది. భటులు వాసాలు కింద పారేసి మరీ నవ్వారు. రాజుగారు కళ్ళు తుడుచుకుంటూ తన పట్టుశాలువా తీసి బుచ్చన్న భుజాన కప్పి, "ఏం కావాలో కోరుకోరా" అన్నారు.

"మీ వంటశాలలో రోజూ మొదటి ముద్ద, ప్రభూ. నాక్కాదు, గోడమీద పెట్టడానికి."

"ఇచ్చాం! కాకుల గూళ్ళ జోలికి ఎవరూ పోకండి!" అన్నారు రాజుగారు.

తోటంతా మళ్ళీ గొల్లుమంది. అంత గోలలోనూ, పైన గూట్లో ఉన్న భట్టుగారొక్కరే నోరు తెరవలేదు.