పెంచినవాళ్ళదే పిల్ల

మొగుడు పోయిన గవరమ్మ, తన జ్వరం తగ్గేదాకా చూడమని పిల్లను అత్తమామల దగ్గర వదిలింది. జ్వరం తగ్గింది కానీ పిల్ల తిరిగి రాలేదు. నాటి నుంచీ గవరమ్మ కాలుగాలిన పిల్లిలా వాళ్ళ గడప చుట్టూ తిరుగుతోంది.

తండ్రి నుంచి ఊరిపెద్దరికం అందుకున్న మామ అచ్చెన్న తన ఇంటి చావడిలో తేల్చేశాడు: "పెంచినవాళ్ళదే పిల్ల!"

లోపల పిల్ల ఏడుస్తోంది. గవరమ్మ కొంగు బిగించింది.

"ఈ తీర్పు దండోరా వేయించండి మామగారూ."

"ఎందుకూ?"

"మీరు పెరిగింది మీ అమ్మమ్మగారింట. మీ నాన్నగారి దగ్గర పెరిగింది చినమామగారు. మరి ఈ పెద్దరికం ఎవరిదో ఊరికి తెలియాలి కదా!"

పక్కన కునుకుతున్న అచ్చెన్న తమ్ముడు చటుక్కున లేచి తలపాగా సర్దుకున్నాడు.

"ఒసేయ్, పిల్లను దాని తల్లికిచ్చెయ్యవే!" లోపలికి కేకేశాడు అచ్చెన్న.

పిల్లను చంకనేసుకుని గవరమ్మ వీధి మలుపు తిరుగుతుంటే, వెనక తమ్ముడి గొంతు వినిపించింది.

"అన్నయ్యా, దండోరా ఎప్పుడు?"