తవిటమ్మ కట్టిన మూడిళ్ళు

ఊ కొట్టేవాళ్ళుంటే చెబుతాను, కునుకు తీసేవాళ్ళుంటే మానేస్తాను. అనగనగా, మన ఏరు ఇప్పుడున్న చోట కాకుండా అవతలి కొండ పక్కగా పారే రోజుల్లో, గోరింటవలస అని ఒక ఊరుండేది. ఆ ఊళ్ళో గోడలు పెట్టే తవిటమ్మ ఉండేది.

ఆమె తల్లికి ముందు పుట్టిన ముగ్గురు పిల్లలూ దక్కలేదట. నాలుగో పిల్ల పుట్టగానే పొరుగింటామెకి చేటలో పెట్టి ఇచ్చేసి, చేటెడు తవుడు పోసి మళ్ళీ కొనుక్కున్నారు. తవుడికి కొన్న పిల్ల కాబట్టి తవిటమ్మ అయింది.

తవిటమ్మ మొగుడు ఎర్రయ్య. అతను మట్టి తవ్వేవాడు, ఆమె తొక్కేది. అతను ముద్దలు అందించేవాడు, ఆమె గోడ పెట్టేది. మట్టిగోడ ఒక్కరోజులో లేవదు. మూరెడు ఎత్తు ఒక వరస పెట్టాలి. అది ఎండాలి. అప్పుడు రెండో వరస. అదీ ఎండాలి. అప్పుడు మూడో వరస. ఆ ఊళ్ళో సగం ఇళ్ళకి గోడలు పెట్టింది వాళ్ళే. వాళ్ళు మాత్రం ఒకరి పశువులశాలలో ఓ మూల కాపురం ఉండేవారు.

ఒకరోజు ఎర్రయ్య అన్నాడు.

"ఊరందరికీ గోడలు పెట్టాం. మనకొక గోడ పెట్టుకోలేమేటే?"

"మట్టి ఊరికే వస్తాది. చేతులు మనవే. జాగాకేటి? దూలాలకేటి? పెంకుకేటి?" అంది తవిటమ్మ.

అన్నీ కలిపితే నూరు రూపాయలు తేలింది. ఆ రోజుల్లో నూరు రూపాయలంటే మాటలు కాదు. ఇద్దరూ షావుకారు గున్నయ్య దగ్గరికి వెళ్ళారు. గున్నయ్య అబద్ధమాడని మనిషి. ఉన్నదున్నట్టు చెప్పాడు.

"కట్టబోయే ఇల్లు నాకు తాకట్టు పెట్టండి, నూరూ ఇస్తాను. నూటికి నెలకి రూపాయి వడ్డీ. ఆ రూపాయి వడ్డీకి సరిపోతుంది. దాని పైన ఎంత ఇస్తే అంత అసలులో తగ్గుతుంది. అసలు తగ్గేకొద్దీ వడ్డీ తగ్గి, ఆ తగ్గింది కూడా అసలుకే చేరుతుంది. పైన పావలా ఇస్తారో, అణా ఇస్తారో మీ ఇష్టం."

ఎర్రయ్య తల గోక్కున్నాడు. "పావలా ఇద్దామేటే? ఒంట్లో సత్తువ ఉన్నప్పుడే తీర్చేద్దాం."

తవిటమ్మ వేళ్ళు మడిచి చూసుకుంది. పావలా అంటే నాలుగణాలు. అణా ఇస్తే మూడణాలు చేతిలో మిగులుతాయి. మూడణాలకి నూనె వస్తుంది, ఉప్పు వస్తుంది.

"పావలా బరువు, అణా తేలిక. నెలకి రూపాయి, పైన అణా. అంతే కదా!" అంది.

ఆమె మాట ఎర్రయ్య ఎప్పుడూ తీసెయ్యలేదు. ఇద్దరూ కాగితం మీద వేలిముద్రలు వేశారు.

ఇల్లు లేచింది. ఎంత బాగా లేచిందో! అందరి ఇళ్ళకీ ఒకసారి తొక్కే మట్టిని తవిటమ్మ తన ఇంటికి మూడుసార్లు తొక్కింది. పెంకు ఎక్కాక ఎర్రయ్య వీధివైపు నిలబడి, గోడ కిందికి చెయ్యి చూపించాడు.

"ఇక్కడొక అరుగు వెయ్యాలే. పొద్దుగూకే వేళకి పనినించొచ్చి కూచుంటాను. నువ్వు పక్కన కూచుని ఆకులో చుట్ట చుట్టిద్దువు గాని."

"అప్పు తీరనీ, వేద్దాం" అంది తవిటమ్మ.

మొదటి నెల కట్టారు. రెండో నెల కట్టారు. మూడో నెల కట్టారు. ఐదో ఏట వానలు లేక ఎవరూ గోడలు పెట్టించుకోలేదు. తవిటమ్మ తన వెండి కడియాలు అమ్మి కట్టింది. తొమ్మిదో ఏట ఎర్రయ్య కాలు విరిగి మూడు నెలలు మంచాన పడ్డాడు. మేకని అమ్మి కట్టింది. ఏ నెలా తప్పలేదు. ఎవరైనా జాలిపడితే, "నెలకి రూపాయి, పైన అణా. అంతే కదా!" అనేది. ఏటేటా ఎర్రయ్య అరుగు మాటెత్తేవాడు. ఏటేటా తవిటమ్మ "అప్పు తీరనీ" అనేది.

పదిహేనో ఏట ఎర్రయ్యకి జ్వరం తగిలింది. మూడు రోజులు కాసింది. నాలుగో రోజు మనిషి లేడు.

కర్మలు అయ్యాక తవిటమ్మ గున్నయ్య దగ్గరికి వెళ్ళింది.

"బాబూ, పదిహేనేళ్ళు కట్టాం. ఇంకెంతుంటాది?"

గున్నయ్య లెక్క చూశాడు. "అరవై తొమ్మిది రూపాయలకి కొంచెం తక్కువ, తవిటమ్మా."

తవిటమ్మకి అర్థం కాలేదు. "నూరులో సగం కూడా తీరలేదా బాబూ?"

"నువ్విచ్చేదాంట్లో చాలా భాగం వడ్డీకే పోతుంది కదా. అసలుకి చేరేది పిసరంతే. ఇకనించి కాస్త వేగంగా తగ్గుతుందిలే."

 తవిటమ్మ ఇంటికొచ్చి తట్ట ఎత్తుకుంది. మొగుడు తవ్వే మట్టి తనే తవ్వింది, తనే తొక్కింది, తనే అందుకుని తనే పెట్టింది. ఆ ఊళ్ళో పని లేకపోతే పక్కూరు, అక్కడా లేకపోతే ఆ పై ఊరు నడిచేది. అలా ఇంకో ఎనిమిదేళ్ళు గడిచాయి, ఆ పైన తొమ్మిది నెలలు. జుట్టు ముగ్గుబుట్ట అయింది. ఒకనాడు చివరి చిల్లర కూడా కట్టేసింది.

గున్నయ్య పెట్టె తెరిచి ఇంటి కాగితం తీసి ఆమె చేతిలో పెట్టాడు. ఆయనా ముసలాడైపోయాడు.

"నీలాంటి మనిషిని చూడలేదు తవిటమ్మా. ఒక్క నెల తప్పలేదు."

తవిటమ్మకి సంతోషం వేసింది. "మొత్తం ఎంత కట్టామో చెప్పండి బాబూ. నానూ ఆయనా ఇంత కట్టామని చెప్పుకుంటాను."

ఆ మాట అంతవరకూ ఆయన్ని ఎవరూ అడగలేదు. ఆయనా ఎప్పుడూ కూడి చూసుకోలేదు. పొద్దున్న మొదలుపెడితే ఎండ నడినెత్తికొచ్చింది.

"మూడు వందల రెండు రూపాయలు, పైన చిల్లర."

"తీసుకున్నది నూరే కదా బాబూ?"

"నూరే."

తవిటమ్మ చాలాసేపు కాగితం వైపే చూసింది. ఆమెకి చదువు రాదు, ఊరికే చూసింది. తరవాత మెల్లగా అడిగింది.

"ఆ రోజు ఆయన పైన పావలా ఇద్దామన్నాడు. పావలా ఇచ్చుంటే ఎన్నాళ్ళకి తీరేది?"

గున్నయ్య మళ్ళీ లెక్క వేశాడు. ఒకసారి వేశాడు. తప్పేమో అని రెండోసారి వేశాడు. నమ్మకం కుదరక మూడోసారి వేశాడు.

"పదమూడున్నర ఏళ్ళకి. కట్టేది రెండు వందల రెండు రూపాయలు."

తవిటమ్మ వేళ్ళు మడిచింది. "ఆయన పోయింది పదిహేనో ఏట."

గున్నయ్య తల దించుకున్నాడు.

"ఏడాదిన్నర కూచునేవాడు బాబూ. అరుగు మీద ఏడాదిన్నర కూచునేవాడు."

అంతే అంది. ఎవర్నీ తిట్టలేదు. ఇంటికెళ్ళి, అరుగు వెయ్యాల్సిన చోట నేల మీదే కూలబడింది. ఆ రోజు పొయ్యి వెలిగించలేదు.

మూడు రోజులు అలాగే ఉంది. నాలుగో రోజు అసిరయ్య, వాడి పెళ్ళాం గౌరి వచ్చారు. అసిరయ్య బండి తోలుకుని బతికేవాడు. గౌరి నిండు కడుపుతో ఉంది. ఇద్దరి మొహాలూ వెలిగిపోతున్నాయి.

"అత్తా, మా ఇంటికి నువ్వే గోడలు పెట్టాలి. నూరు రూపాయలు ఇస్తానన్నాడు షావుకారు" అన్నాడు అసిరయ్య.

"మోయలేనంత బరువేం కాదత్తా. నెలకి రూపాయి, పైన అణా. అంతే కదా!" అంది గౌరి.

తన మాటే. తన నోట్లోంచి వచ్చినట్టే ఉంది. తవిటమ్మ ఆ పిల్ల మొహంలోకి చూసింది.

"వేలిముద్రలు వేసేశారా?"

"రేపు వేస్తాం."

"వేసే ముందు ఒక్కసారి కళ్ళంలోకి రండి తల్లీ. ముసలిదాన్ని, నా మాట కాదనకండి."

తెల్లారేసరికి తవిటమ్మ తట్ట నిండా సున్నం పట్టుకుని, ఊరి బయట ఖాళీ కళ్ళంలోకి వెళ్ళింది. అడుగులు కొలిచి సున్నంతో గీత గీసింది. ఒక ఇల్లు గీసింది. ఇది వంటిల్లు, ఇది పడకగది, ఇది గుమ్మం. దాని పక్కన అంతే ఇల్లు ఇంకొకటి గీసింది. దాని పక్కన ఇంకొకటి. అసిరయ్య, గౌరి వచ్చారు. వాళ్ళ వెనకాలే, తవిటమ్మకి మతి పోయిందని ఎవరో అంటే చూద్దామని ఊరూ వచ్చింది.

తవిటమ్మ గౌరి చెయ్యి పట్టుకుని మొదటి ఇంట్లోకి గుమ్మంలోంచే నడిపించింది. "ఈ ఇల్లు మీది. ఇందులో మీరుంటారు. నీ బిడ్డ ఇక్కడే పాకుతాది."

గౌరి నవ్వింది.

రెండో ఇంట్లోకి నడిపించింది. "ఇది కూడా మీరే కడతారు. దూలాలు మీ డబ్బే, పెంకు మీ డబ్బే. కానీ ఇందులో మీరుండరు."

"మరెవరుంటారత్తా?"

"ఎవరూ ఉండరు. వడ్డీ ఉంటాది."

మూడో ఇంట్లోకి నడిపించింది. "ఇదీ అంతే తల్లీ. నాను ఒక ఇంట్లో ఉన్నాను, మూడిళ్ళు కట్టాను. ఇరవై మూడేళ్ళు దాటిపోయాయి. మీ మావ రెండో ఇల్లు అవుతుండగా పోయాడు. మూడోది నాను ఒక్కదాన్నే కట్టాను."

 నెల నెలా కడుతున్న వాళ్ళు ఆ గుంపులో చాలామందే ఉన్నారు. ఒకరొకరే వచ్చి, సున్నం గీతలు తొక్కకుండా, గుమ్మాల్లోంచి లోపలికి వచ్చి నిలబడ్డారు. కొందరు మూడో ఇంటి దాకా వచ్చి అక్కడే ఉండిపోయారు.

"నెలకి ఇంకో మూడణాలు కలిపితే చాలు" అని తవిటమ్మ వంగి, మూడో ఇంటి గీతల్ని అరిచేత్తో తుడిచేసింది. "ఈ ఇల్లుండదు. పదేళ్ళు ముందే తీరిపోతాది. ఈ మూడణాలే నాను మిగిలాయనుకున్నాను."

అప్పుడు గౌరి ఏడుపుగొంతుతో అడిగింది. "అయితే ఇల్లు వద్దంటావా అత్తా? వానలొచ్చేస్తున్నాయి. బిడ్డనెత్తుకుని బండి కింద పడుకోనా?"

తవిటమ్మ ఆ పిల్ల తల నిమిరింది. "వద్దని ఎందుకంటానమ్మా? ఇల్లు లేకపోతే ఎలా? నా ఇల్లు నాకు బంగారం. తెలిసి కట్టుకోమంటున్నాను, అంతే. ముందు నీకేటి కావాలో చెప్పు."

గౌరి కళ్ళు తుడుచుకుంది. "పొయ్యికి ఇంత చోటు. పడకకి ఇంత చోటు."

తవిటమ్మ రెండో ఇల్లు కూడా తుడిచేసి, మొదటి ఇంటి గీతల్ని దగ్గరికి జరిపింది. ఒక గది, ఒక వసారా. "ఇది అరవై రూపాయల్లో లేస్తాది. కూలి నాకొద్దు. మిగతాది అప్పు తీరాక కలుపుకోవచ్చు, ఇటు జాగా ఉంది."

ఈలోగా గున్నయ్య వచ్చాడు. జనం దారి ఇచ్చారు. ఆయన తుడిచేసిన గీతల్ని చూశాడు. అక్కడ ఏం జరిగిందో చెప్పక్కర్లేకపోయింది.

"తవిటమ్మా, నేను నీకెప్పుడైనా అబద్ధం చెప్పానా?"

"లేదు బాబూ. నెలకెంతో చెప్పారు, నిజమే చెప్పారు. మొత్తం ఎంతో నాను అడగలేదు, మీరు చెప్పలేదు."

 గున్నయ్య, "ఎర్రయ్య అడిగిన అరుగు నా ఖర్చుతో వేయిస్తాను" అన్నాడు.

"కూచునేవాడు లేడు కదా బాబూ" అంది తవిటమ్మ. ఆమె గొంతులో కోపం లేదు. "దానికి బదులు ఈ పిల్లకి మొత్తం చెప్పండి."

ఆయన అక్కడే కళ్ళంలో కూర్చుని లెక్క వేశాడు. అందరికీ వినపడేలా చెప్పాడు. "అరవై తీసుకుని నెలకి రూపాయి పావలా కడితే అయిదున్నర ఏళ్ళకి తీరుతుంది. మొత్తం ఎనభై రెండు రూపాయలు."

అసిరయ్య పెళ్ళాం వైపు చూశాడు. గౌరి తల ఊపింది. అప్పుడు వేశారు వేలిముద్రలు.

వానలకి ముందే తవిటమ్మ గోడలు లేపింది. ఆ ఇంట్లోనే గౌరికి ఆడపిల్ల పుట్టింది. పిల్లకి ఆరేళ్ళు నిండకముందే అప్పు తీరింది. ఏడో ఏట ఇంకో గది కలిసింది. గున్నయ్య బతికున్నంత కాలం అప్పుకి వచ్చినవాళ్ళకి నెల లెక్క చెప్పాక మొత్తం లెక్క కూడా చెప్పాడు. దాంతో ఆయన వ్యాపారం కొంత తగ్గిందంటారు. ఆయన మానలేదు.

తవిటమ్మ ఇంకా చాలా ఏళ్ళు బతికింది. అప్పు చెయ్యబోయే వాళ్ళెవరున్నా వచ్చి పిలిచేవారు. ఆమె సున్నం తట్ట పట్టుకుని వెళ్ళేది. చూపు తగ్గాక గౌరి కూతురు చెయ్యి పట్టుకుని నడిపించేది, ఆమె అడుగులు కొలిచి చెప్తుంటే ఆ పిల్ల గీసేది. ఆమె పోయిన రోజు ఊళ్ళో ఏ గోడ పనీ సాగలేదు. తడిపిన మట్టి తడిపినట్టే వదిలేసి అందరూ వెంట నడిచారు. కొడుకులు లేరు కాబట్టి ఎవరు కుండ పట్టాలని ప్రశ్న వచ్చింది. అసిరయ్య ముందుకొచ్చి పట్టాడు.

అది జరిగి ఎంత కాలమైందో చెప్పేవాళ్ళు లేరు. ఏరు కూడా తోవ మార్చుకుంది. కానీ ఆ పక్కల ఇప్పటికీ, ఇంటికోసం అప్పు చెయ్యబోయే ఆలుమగలు ముందుగా ఖాళీ జాగాలో సున్నంతో ఇళ్ళు గీస్తారు. ఎన్నిళ్ళ డబ్బు కట్టాల్సి వస్తుందో అన్నిళ్ళూ గీస్తారు. ఇద్దరూ చెయ్యి చెయ్యి పట్టుకుని అన్ని గుమ్మాల్లోంచీ నడుస్తారు. గుమ్మం ముందు ఒక ముసలావిడ నిలబడి, "ఎన్నిళ్ళు కడుతున్నారమ్మా?" అని అడుగుతుంది. తడుముకోకుండా జవాబు చెప్పాలి. చెప్పలేకపోతే వెనక్కెళ్ళి మళ్ళీ లెక్క వేసుకుని రమ్మంటారు. చెప్పగలిగితే, ఒకటన్నా, రెండన్నా, మూడన్నా ఎవరూ తప్పుపట్టరు. "చల్లగా ఉండండి" అని అక్షింతలు వేసి పంపిస్తారు.