మునిగిన ఊరికి బిషప్

ఆ ఏడు ఏరు పొంగి లంకవానిపాలెం అనే ఊరిని ఆనవాలు లేకుండా మింగేసింది. బతికినవాళ్లు కరకట్ట మీద గుడిసెలు వేసుకున్నారు. వాళ్ల పిల్లలు తొమ్మిదిమందికి, జ్ఞానస్నానం తర్వాత విశ్వాసంలో స్థిరపరిచే భద్రమైన అభ్యంగనం అందలేదు. ఆ నూనె బిషప్పే నుదుట రాయాలి. ఏటికి ఇవతలి బిషప్ కచేరీలో “మీ ఊరే లేదు” అన్నారు. అవతలి కచేరీలో “మీ పేర్లు మా దగ్గర లేవు” అన్నారు.

మూడేళ్లు చూసి, చాపలల్లే ఇన్నాసమ్మ పండగనాడు పెద్దగుడికి వెళ్లింది. పందిట్లో ముగ్గురు బిషప్పులు కూర్చుని ఉన్నారు. బిషప్ గారి కార్యదర్శిగా ఉన్న గురువు ఆమెను గుంజ దగ్గరే ఆపేశాడు.

“ఎవరనుకున్నావు వాళ్లని? ఎత్తు కుర్చీలో అగ్రపీఠాధిపతి గారు. పక్కన ఈ మేత్రాసనాన్ని, ఈ ప్రాంతం గుళ్లన్నిటినీ ఏలే బిషప్ గారు. ఆ చివర సహాయ బిషప్ గారు.”

“ఆ చివరాయనది ఏ ఊరు స్వామీ?”

“బిషప్పన్నాక పేరుకైనా ఒక ఊరుండాలి. ఆయనకి సముద్రాల అవతల ఒక పాత పట్నం ఇచ్చారు. వెయ్యేళ్ల కిందటే ఇసకలో పూడిపోయింది.”

“మరి జనం?”

“ఒక్కరూ లేరు. అయితే ఏం? ఊరు పోతే పీఠం పోతుందా?”

“పోదన్నమాట,” అంది ఇన్నాసమ్మ పందిరంతా వినబడేలా. “మరి ఊరు పోతే మేం మాత్రం ఎందుకు పోవాలి స్వామీ? ఆయనకి జనం లేరు. మాకు బిషప్ లేరు. మా పిల్లల్ని ఆయనకిచ్చేయండి.”

అగ్రపీఠాధిపతి నవ్వాపుకుని పక్కనున్న బిషప్ వైపు చూశారు. ఆయన తలూపారు. సహాయ బిషప్ అప్పటికే తన చేతికర్ర అందుకుని లేచారు.

సాయంత్రానికి కరకట్ట మీద తొమ్మిది నుదుళ్లు మెరిశాయి. చివరిది ఇన్నాసమ్మ కూతురిది. ఆమె కళ్లొత్తుకుంటుంటే సహాయ బిషప్ మెల్లగా అన్నారు.

“మా ఊరివాళ్లు ఎక్కడున్నారా అని చాన్నాళ్లుగా చూస్తున్నానమ్మా.”