సగం గడ్డం వాయిదా

మల్లెకొండ అనే రాజ్యాన్ని ప్రచండవర్మ ఏలుతుండేవాడు. తన నోట వచ్చిన ప్రతి మాటా శాసనమేనని ఆయన నమ్మకం. దగ్గినా రాసుకోమనేవాడు. ఆయన గడ్డం తాకే హక్కు రాజ్యం మొత్తం మీద చెంగన్న అనే క్షురకుడికి, అతని కత్తికి మాత్రమే ఉండేది.

గాలివానకు ఇల్లు కూలిపోతే చెంగన్న ఒక వర్తకుడి దగ్గర అరవై వరహాలు అప్పు చేశాడు. చెప్పిన రోజుకు తీర్చలేకపోయాడు. వర్తకుడు దర్బారుకెక్కాడు.

"శుక్రవారం తొలి గంట కొట్టేలోగా మొత్తం కట్టు. లేదంటే నీ కత్తితో సహా సామానంతా జప్తు" అని రాజు తీర్పు చెప్పాడు.

"అప్పు కాదనను ప్రభూ. నెలకు రెండు వరహాల చొప్పున తీరుస్తాను. కత్తే పోతే దేంతో సంపాదించి కట్టను?"

"నా తీర్పుకు వాయిదాలుండవు! జప్తుకు అడ్డొస్తే ఎంతటివాడికైనా చెరసాలే. రాసుకోండి."

రాసుకున్నారు.

"ఏమన్నారు?" అంది ఇంటి దగ్గర భార్య సూరమ్మ.

"శుక్రవారం దాకా కత్తి మనదే" అన్నాడు చెంగన్న. అని దాన్ని నూరడం మొదలుపెట్టాడు.

శుక్రవారం పొరుగు రాజ్యపు రాయబారులు వస్తున్నారు. ఉదయాన్నే రాజు క్షౌరానికి కూర్చున్నాడు. చెంగన్న తీరిగ్గా గడ్డం తడిపి, తీరిగ్గా నురగ పట్టించి, కుడి చెంప అద్దంలా గీశాడు. గంట కొట్టింది. అతను కత్తి తుడిచి పెట్టెలో పెట్టేసి, చేతులు కట్టుకు నిలబడ్డాడు. జప్తు అధికారి కూర్మనాథుడు వచ్చి పెట్టె చంకన పెట్టుకున్నాడు.

"ఆగు! ఆ కత్తి ఇటివ్వు!" అని రాజు అరిచాడు.

కూర్మనాథుడు ఆజ్ఞాపత్రం విప్పి వినయంగా చదివాడు. "జప్తుకు అడ్డొస్తే ఎంతటివాడికైనా చెరసాలే. కింద తమరి ముద్ర ఉంది ప్రభూ."

రాజు చెంగన్న వైపు తిరిగాడు. "మరి ఈ ఎడమ చెంప?"

"వాయిదా పడింది ప్రభూ."

"ఎన్నాళ్లు?"

"వచ్చే పున్నమికి సామాను వేలం వేస్తారట. కొన్నవాడికి గడ్డం గీయడం వస్తే, ఆ రోజే."

రాయబారులు వచ్చేశారని బయటి నుంచి కబురొచ్చింది. రాజు రెండు చెంపలూ తడుముకున్నాడు.

"నెలకు ఎంతన్నావు?"

"రెండు వరహాలు."

"జప్తు రద్దు. వాయిదాల్లో కట్టుకోనివ్వండి. రాసుకోండి, త్వరగా!"

చెంగన్న మొలలోంచి మొదటి రెండు వరహాలు తీసి కూర్మనాథుడి చేతిలో పెట్టి, కత్తి తీసుకున్నాడు. పని పూర్తయ్యాక రాజు అద్దంలో చూసుకుని పకపకా నవ్వాడు.

"గట్టివాడివోయ్! ఆ అప్పు నేనే తీర్చేస్తాను."

"వద్దు ప్రభూ. తీసుకున్నది నేను, కట్టేదీ నేనే. నేనడిగింది గడువే."

రాజు అతనికి వెండిపిడి కత్తి బహూకరించాడు. ఇకమీదట అప్పు కింద ఎవరి పనిముట్లూ జప్తు చేయరాదని కూడా రాయించాడు. చెంగన్న అన్నట్టే ముప్పై నెలల్లో అప్పంతా తీర్చేశాడు.

ఆ ఉదయం మాత్రం, ఇంత ఆలస్యమైందేమని రాయబారులు అడిగితే రాజు గంభీరంగా ఇలా అన్నాడట:

"ఒక తీర్పు కాస్త గరుకుగా వచ్చింది. నున్నగా చేయించి వస్తున్నాను."