అద్దం తిప్పిన స్థపతి

పూర్వం, త్రేతాయుగం తొలిపాదంలో, అరుణావతీ నదీతీరాన ఉదయప్రస్థమనే నగరంలో, లోకబాంధవుడైన సూర్యభగవానుడికి కొత్తగా కట్టిన కోవెలలో, మూలవిరాట్టు కన్నులు తెరిచే ఘడియకు ముందు జరిగి తీరవలసిన పనులు ఇవి: విగ్రహాన్ని మూడు రోజులు నీటిలోనూ, మూడు రోజులు ధాన్యంలోనూ ఉంచి పీఠం మీద నిలపాలి. కనుపాప గీసే బంగారు శలాకను తేనెలోనూ నేతిలోనూ ముంచాలి. కంచుటద్దాన్ని చింతపండుతోనూ, ఆపైన మెత్తని విభూతితోనూ, మసక అన్నది లేకుండా తోమాలి. విగ్రహం చెక్కిన స్థపతి ముందురోజు పొద్దుగూకింది మొదలు కన్ను తెరిచేదాకా పెదవి విప్పకూడదు. తూర్పు వాకిట, స్వామి చూపు తిన్నగా పడేచోట, నదినీటితో నిండిన కుండనూ, ఆ ఏటి పంటలో ధాన్యపు రాశినీ, దూడతో కూడిన ఆవునూ నిలపాలి. ఏ నరుడూ ఆ తొలిచూపుకు ఎదురు నిలవరాదు.

ఈ పనులన్నిటికీ బాధ్యుడు మృదుటంకుడనే స్థపతి. పాటలగిరి రాతిగనుల్లో పుట్టి, ఉలిచప్పుడే జోలపాటగా పెరిగి, అరవై ఏళ్లు పైబడినా చెయ్యి వణకనివాడు. అతడు చెక్కిన దేవతలు ఏడు క్షేత్రాల్లో పూజలందుకుంటున్నారు. ప్రతిచోటా అతడు ఒకేరీతిగా స్వామికి వీపుపెట్టి నిలబడి, ఎడమచేత అద్దం పట్టుకుని, ఆ అద్దంలో కనిపించే స్వామి ముఖాన్ని చూస్తూ, కుడిచేతి శలాకను భుజం మీదుగా వెనక్కి చాచి కనుపాప గీసేవాడు. గీసి, పక్కకు జరిగి, అద్దాన్ని స్వామికీ తన ముఖానికీ నడుమ అడ్డం పట్టుకునేవాడు. తిన్నగా పడే తొలిచూపును మనిషి తాళలేడు, అద్దంలో పడి మళ్లిన చూపు మాత్రం మంచుకాలపు ఎండలాగా చల్లన.

వాకిట నిలిపే ఆ మూడు వస్తువులూ అలంకారానికి కావు. కుండలోని నీరు సమస్త జలాలకూ మారు. ధాన్యం భూమికంతటికీ మారు. ఆవు ప్రాణికోటికంతా మారు. ఆ మూడింటినీ చూస్తే స్వామి లోకమంతా చూసినట్టే, స్వామి చూస్తే లోకమంతా నిలిచినట్టే.

అప్పట్లో ఆ రాజ్యాన్ని ధర్మశీలుడూ, ప్రజావత్సలుడూ అయిన రుచిరాక్ష మహారాజు ఏలుతున్నాడు. ఆయన పన్నెండేళ్ల క్రితం ఉన్మేష మహర్షి పాదాల చెంత కూర్చుని, "స్వామీ, ఈ కనిపించే జగత్తు నిజమా?" అని అడిగాడు. తపోధనుడైన ఆ మహర్షి, "రాజా! చూపులో లేనిది లోకంలో లేదు. ఆ చూపు..." అంటూ, చెప్పబోయే మాటలోని లోతుకు తానే పులకించి, అక్కడికక్కడే సమాధిలోకి వెళ్లిపోయాడు. సగంలో ఆగిన ఆ మాటను రాజు పన్నెండేళ్లూ మననం చేశాడు. మిగతా సగం తానే పూరించుకున్నాడు. ఎంతటి సద్బుద్ధి ఉన్నవాడైనా అక్కడే పొరపడ్డాడు.

పాటలగిరి సీమలో మూడేళ్లుగా వానలు లేవు. రాజు ధాన్యం పంపాడు, చాలలేదు. బావులు తవ్వించాడు, నీరు పడలేదు. అప్పుడు ఆ సగం మాట గుర్తొచ్చి, స్వామి కన్నులు తెరిచే ముందురోజు మధ్యాహ్నం స్థపతిని పిలిపించి ఇలా అన్నాడు:

"స్థపతీ! రేపు వాకిట నిలపడానికి పాటలగిరి నుంచి ఆవును తెస్తున్నారట. దాని పక్కటెముకలు లెక్కపెట్టవచ్చునని భటులు చెబుతున్నారు. స్వామి తొలిచూపున బక్కచిక్కిన గోవును చూస్తే, ఆ క్షామమే లోకంలో స్థిరపడదా? అందుకని పలక మీద పుష్టిగల గోవును రాయించాను. బంగారు ధాన్యం పోయించాను. ముత్యాలు నింపిన కుండ పెట్టించాను. దక్షిణపు వాకిట ఆ ఆవుతో వచ్చే కొండజనం కనబడకుండా, పచ్చని పొలాలు రాసిన పట్టుతెర కట్టిస్తున్నాను. క్షామం చూపులో పడదు, కనుక లోకంలోనే ఉండదు."

మృదుటంకుడు తల గోక్కున్నాడు. "మహాప్రభూ, ఏలినవారు చదువుకున్నవారు, నేను రాళ్లు కొట్టుకునేవాణ్ణి. ఆవు బక్కదైనా ఆవే గదా, బొమ్మ ఎంత బలిసినా పాలిస్తుందా?"

"పాలిస్తుంది. స్వామి చూస్తే ఇచ్చి తీరుతుంది."

"మరి తెర వెనకున్న జనం ఏమవుతారు, ప్రభూ?"

"వారి ఆకలి పోతుంది" అన్నాడు రాజు. ఆ మాట అంటున్నప్పుడు ఆయన కళ్లలో నీళ్లు నిలిచాయి. ఆ నీళ్లు చూసి స్థపతి ఇక ఎదురు చెప్పలేకపోయాడు. పొద్దుగూకింది, పెదవి మూతపడింది.

తెల్లవారుతూనే కొండజనం వచ్చారు. వారి ముందు ధూసరవర్ణపు ఆవునూ, కాళ్లు తడబడే దూడనూ తోలుకుంటూ వచ్చినది మృదుటంకుడి ఇల్లాలు గైరిక. ఆ ఆవు వాళ్లదే. ఆరు ఆమడలు నడిపించుకొచ్చింది. భటుడు బల్లెం అడ్డంపెట్టాడు.

"ఏవమ్మా, ఆవును తెర వెనక్కి తోలు. రాజాజ్ఞ."

"ఆవు వచ్చింది దేవుడికోసం, నీ తెరకోసం కాదు, నాయనా. తప్పుకో."

"లోపల ఆవుందమ్మా. రంగుల్లో రాసిన ఆవు. బంగారు గిట్టలు కూడానూ."

"ఓహో! పేడ కూడా బంగారమే వేస్తుందేమో, కాస్త అడిగి చెప్పు" అంది గైరిక. వెనకున్నవాళ్లు నవ్వారు. పస్తులున్నవాళ్ల నవ్వు చిన్నదే అయినా ఆ వాకిలంతా వినిపించింది.

అంతలో ఎత్తైన వేదిక మీద అద్దం పట్టుకుని నిలబడ్డ భర్త ఆమెకు కనిపించాడు. "ఏమయ్యా! ఆవును తెమ్మని కబురు పెట్టింది నువ్వే కదా? పలకవేం? రాళ్లతో ఉండి ఉండి రాయివైపోయావా?"

మౌనవ్రతంలో ఉన్న మృదుటంకుడు పలకలేక ఆమెను చూస్తూ ఉండిపోయాడు. భటులు తెర లాగారు. పచ్చని వరిపొలాల బొమ్మ వెనక గైరిక, ఆమె ఆవు, ఆమె జనం మరుగుపడ్డారు.

ముహూర్తం దగ్గరపడింది. స్థపతి వీపు తిప్పి, అద్దంలో చూస్తూ శలాక చాచాడు. కుడి కనుపాప గీశాడు. ఎడమ కనుపాప గీశాడు. పక్కకు జరిగి అద్దం అడ్డం పెట్టుకున్నాడు.

స్వామి చూశాడు.

వెలుగని చెప్పడానికి వీల్లేని వెలుగు ఏదో గర్భాలయంలోంచి తూర్పుకు సాగి, పలక మీది ఆవును తాకింది. తాకీతాకగానే ఆ ఆవు ఊపిరి తీసుకుంది. బంగారు గిట్టలు నేలమీద టకటకలాడాయి. ముత్యాల కుండ నీళ్లచప్పుడు చేసింది. బంగారు గింజలు మొలకలెత్తాయి. ఉత్తరపు మండపంలో నిలబడ్డ రుచిరాక్షుడు ఆనందంతో చేతులు జోడించాడు.

జోడించిన చేతుల్లోంచి ఆయనకు అవతలి స్తంభం కనిపించింది. ఉలిక్కిపడి వెనక్కి తిరిగితే అక్కడ రాజమార్గం లేదు, నగరం లేదు, నది లేదు. రంగు వేయని పలకలాగా తెల్లగా, అంచు లేకుండా, చప్పుడు లేకుండా ఏదో ఉంది. ఏదీ లేకపోవడం అలా ఉంటుందని మానవుడెవడూ అంతకుముందు చూసి ఎరగడు. తన పాదాలు కనిపించక మహారాజు తూలిపడబోయాడు. "చూపులో లేనిది లోకంలో లేదు" అన్నమాట అప్పుడు మొదటిసారి ఆయనకు అర్థమైంది.

అద్దం వెనకున్న మృదుటంకుడు మరొకటి గమనించాడు. తెర వెనక దూడ అరుపు ఆగిపోయింది. జనం గుసగుసలు ఆగిపోయాయి. ఇల్లాలి ముఖం తలచుకోబోయాడు, రాలేదు. పేరు పిలవబోయాడు, నాలుక మీద ఆ పేరు ఉండవలసిన చోటు బోసిగా ఉంది. ఎవరో ఒకామె తనను రాయివైపోయావా అని ఇందాక అడిగినట్టు మాత్రం లీలగా తోచింది. ముప్పై ఏళ్ల కాపురంలో అంతమాత్రమే మిగిలింది, అదీ పలచబడుతోంది.

ఏడు క్షేత్రాల్లో ఎన్నడూ చేయని పని అతడప్పుడు చేశాడు. అద్దాన్ని దక్షిణానికి తిప్పాడు.

స్వామి చూపు కంచుమీద పడి, చల్లబడి, మళ్లి, పట్టుతెరను తాకింది. రాసిన పొలాల రంగు నీళ్లలా కారిపోయింది, తెర మంచులా విడిపోయింది. ఆ వెనక శూన్యంలో ముందుగా ఒక బక్కావు చెవి కదిలింది. తర్వాత దాని పక్కటెముకలు ఒక్కొక్కటీ కనిపించాయి, తర్వాత దూడ, తర్వాత దూడ మెడ మీద ఒక చెయ్యి, తర్వాత జనం, వారి వెనక ఎండిన కొండలు. స్థపతి వణకని చేతితో అద్దాన్ని మెల్లగా పడమరకు తిప్పాడు, నగరం నిలిచింది. ఉత్తరానికి తిప్పాడు, మహారాజు పాదాలు ఆయనకు దొరికాయి. పైకి ఎత్తాడు, ఆకాశం వచ్చింది. నదికేసి వంచాడు, అలలు కదిలాయి. ముల్లోకాలూ ఒక ముసలివాడి ఎడమచేతి మణికట్టు మీద ఆధారపడి తిరిగాయి. ఇంద్రాది దేవతలు ఊపిరి బిగబట్టి చూశారు.

వెలుగు శాంతించింది. రాతి పెదవి కదలకుండానే సహస్రకిరణుడి వాక్కు వినిపించింది:

"వత్సా! అందరినీ నాకు చూపావు, నిన్ను చూపలేదు. అద్దం వెనకనే ఉండిపోయావు. తొలిచూపు మళ్లీ రాదే?"

అందరూ అటు చూశారు. గాలిలో అద్దం మాత్రం నిలిచి ఉంది. పట్టుకున్న చెయ్యి కంచుమీద ఊదిన ఊపిరిలాగా మసకగా ఉండి, ఆరిపోతోంది. రాజు "అయ్యో, నా పాపం!" అని నేలకు ఒరిగాడు.

గైరిక ఆవు పలుపు వదలకుండానే గుడిమెట్లెక్కి లోపలికి వచ్చింది. భటులు ఆపలేదు.

"స్వామీ, నువ్వు చూడకపోతేనేం? నేను చూస్తున్నాను కదా! ఇదిగో, ఎడమ కనుబొమ్మ మీద మచ్చ. మా పెళ్లయిన ఏడు రాతిపెంకు ఎగిరి తగిలింది." గాలిలో ఒక మచ్చ కనిపించింది, మచ్చచుట్టూ కనుబొమ్మ అల్లుకుంది. "కుడి బొటనవేలికి గోరు లేదు. ముక్కు కాస్త వంకర. అద్దాలు తోమీ తోమీ చేతులకు ఎప్పుడూ చింతపండు వాసన. అన్నం తింటూ ఆలోచనలో పడి, ముద్ద చేతిలోనే ఆరబెడతాడు. వానొస్తుందంటే ఎడమ మోకాలు నొప్పంటాడు." ఆమె చెప్పిన ప్రతిదీ చెప్పిన క్షణాన వచ్చి నిలిచింది. చివరికి అరవై ఏళ్లు దాటిన ఒక ముసలి స్థపతి, నిండుగా, నీడతో సహా, అద్దం పట్టుకుని ఇల్లాలి ఎదుట నిలబడి ఉన్నాడు.

"గైరికా" అన్నాడు. వ్రతం విడిచాక అతడు పలికిన మొదటి మాట అదే.

"ఇప్పుడా పలికేది!" అంటూ ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది.

అప్పుడు భాస్కరుడి వాక్కు కోవెలంతా నిండింది. "తల్లీ! నేను చూడలేదన్నావు. మరి నీ కన్నులోంచి ఇంతసేపూ చూసినది ఎవరనుకున్నావు?"

ఆ మాటకు, కోవెలకు ఈశాన్యాన పిలిస్తే పలికేంత దూరంలో ఉన్న తన పర్ణశాలలో ఉన్మేష మహర్షి పన్నెండేళ్ల సమాధి నుంచి కన్ను విప్పి, నిన్ననే ఆపినట్టుగా తన వాక్యం పూర్తిచేశాడు: "...ఏ ఒక్కడిదీ కాదు రాజా. అన్ని కళ్లలోంచీ చూసేవాడు ఒక్కడే. నీ కన్ను పక్కకు తిప్పుకుంటే, ఆయన చూపుకు ఒక వాకిలి మూసినవాడివవుతావు."

రుచిరాక్షుడు లేచి, కిరీటం తీసి పక్కన పెట్టి, బక్కావును తానే తూర్పు వాకిటికి నడిపించుకెళ్లి స్వామి ఎదుట నిలబెట్టాడు. దాని పక్కటెముకలను మొదటిసారి తాను లెక్కపెట్టాడు. "ప్రభూ! చూశాను. ఇక చూడకుండా ఉండను" అన్నాడు.

"నీవు చూసిన క్షామాన్ని నేను తీరుస్తాను" అని వరమిచ్చాడు ఆదిత్యుడు. మృదుటంకుడు మోకాలు తడుముకున్నాడు. అది చూసి గైరిక ఏడుపులోనే నవ్వింది. ఆ సాయంత్రం పాటలగిరి మీద వాన మొదలై తొమ్మిది రోజులు కురిసింది. బావులు నిండాయి. బంగారు గిట్టల ఆవు తన పలకలోకి తాను వెళ్లిపోయింది. ఏ కోవెలలోనూ వాకిట బొమ్మను నిలపకూడదని, ఆయా సీమల్లో అతి బక్క ఆవునే తెచ్చి నిలపాలని రాజు శాసించాడు.

మృదుటంకుడికి స్వామి వేరే వరమిచ్చాడు: "నిన్ను తలచుకునే కన్ను ఒకటి ఉన్నంతకాలం నీవు లేకపోవు." అతడు ఇంకా చాలాకాలం ఆ ఇల్లాలి చూపులో బతికాడు. శిలాశాసనాల్లో రాజు పేరుంది, మహర్షి పేరుంది. అద్దం వెనకున్నవాడు కనుక స్థపతి పేరు ఎక్కడా లేదు.

భర్త పోయిన చాన్నాళ్లకు గైరికకూ కాలం సమీపించినప్పుడు, కోడళ్లను దగ్గరికి పిలిచి ఇలా చెప్పింది. "ఆయన్ని చూసే కళ్లు రెండు తగ్గిపోతున్నాయర్రా. మచ్చ ఎడమ కనుబొమ్మ మీద. కుడి కాదు. మరిచిపోకండి." కోడళ్లు తమ బిడ్డలకు చెప్పారు. ఆ బిడ్డలు తమ బిడ్డలకు చెప్పారు. అలా ఒకరి కన్ను నుంచి మరొకరి కన్నుకు అందుతూ ఈ కథ ఇక్కడిదాకా వచ్చింది.

కనుక భక్తితో చదివిన మీకు ఒక్కటే మనవి. ఏ గుడిలోనైనా స్వామి కళ్లలోకి చూసినప్పుడు, ఆ కళ్లు తెరిచి, లోకాన్ని చూపించి, తాను కనబడకుండా ఉండిపోయినవాణ్ణి ఒక్కసారి తలచుకోండి. ముక్కు కాస్త వంకర. చేతులకు చింతపండు వాసన. మచ్చ ఎడమ కనుబొమ్మ మీద.